పొందూరు పంచె: అంచు కాదు, నూలు చూడండి

శ్రీకాకుళం జిల్లా పొందూరులో నేసిన 100వ నంబరు ఖాదీ పంచె కొని ఏడాది దాటింది. చాలాసార్లు కట్టి, చాలాసార్లు ఉతికాను కనుక దాని గుణదోషాలను కొంత నమ్మకంగానే చెప్పగలను.

ముందుగా ఆ నంబరు సంగతి. 840 గజాల నూలును ఒక చిలపగా లెక్కించి, పౌను బరువుకు ఎన్ని చిలపలు తూగితే అంత నంబరు అంటారు. ఆ లెక్కన 454 గ్రాముల 100వ నంబరు నూలును విప్పి పరిస్తే 76 కిలోమీటర్లు దాటుతుంది. ఇంత సన్నని పోగును పొందూరు స్త్రీలు ఒంటి కదురు రాట్నం మీద వడుకుతారు. అంతకు ముందు వాలుగ చేప దవడకుండే సన్నని పళ్లతో, గింజను అంటిపెట్టుకొని ఉన్న పత్తిని దువ్వి, చెత్త రాల్చి, పీచును ఒకే వైపుకు తీరుస్తారు. గింజ తీయడం, వడకడానికి వీలుగా పత్తిని ఏకులుగా (మెత్తని వత్తులుగా) చుట్టడం ఆ తర్వాతి పనులు. పోగు పొక్కుల్లేకుండా రావడానికి మూలం ఆ దువ్వడమేనని నా అభిప్రాయం.

పంచెను వెలుతురుకు ఎత్తి పట్టుకుంటే పేక పోగు, అంటే అడ్డపు పోగు, అక్కడక్కడ జానెడు మేర కాస్త లావై, మళ్లీ సన్నబడటం కనిపిస్తుంది. దీన్ని నేను లోపంగా లెక్కించను, అది చేతి వాటం. ఉక్కపోతలో ఒంటికి అంటుకోకుండా చెమటను పీల్చుకోవడంలో నా దగ్గరున్న మిల్లు పంచెలేవీ దీనికి సాటిరావు. అయితే గంజి పెట్టకపోతే రెండో ఉతుకుకే వేలాడిపోతుంది. ఒకసారి బద్ధకించి వాషింగ్ మెషీన్‌లో వేసినందుకు మడత దగ్గర రెండు పడుగు (నిలువు) పోగులు తెగాయి. ఆ తప్పు నాదే.

పొందూరు సరుకేనని చెప్పి నగరంలోని ఒక దుకాణంలో అంటగట్టిన రెండో పంచె విషయం వేరు. అమ్మకందారు అంచు అందాన్నే పదేపదే చూపించాడు. ఇంటికొచ్చి కొస నుంచి ఒక పోగు లాగి చూస్తే మూరెడు పొడవునా ఒకే లావు, ఒకే మెలి! అది రాట్నం ముఖం చూసిన నూలు కాదు. కొనేముందే భూతద్దం పెట్టి చూసుకోవలసింది.

ఈసారి పొందూరు వెళ్లే కొంటాను: రోజూ కట్టడానికి తక్కువ నంబరుది ఒకటి, పెళ్లిళ్లకు 100వ నంబరుది ఒకటి.