స్కైరిమ్‌లో సరుకు అమ్మకం: నాలుగు పాత్రలు ఆడాక

మా మావయ్యకు గాజువాక ఆటోనగర్‌లో పాత ఇనుము కొట్టు ఉండేది. రాత్రి కొట్టు కట్టేసి వచ్చాక టీ గ్లాసు పట్టుకుని నా వెనక కుర్చీలో కూర్చునేవాడు. 2013లో నేను స్కైరిమ్ అనే వీడియో గేమ్ కొత్తగా ఆడుతున్న రోజులవి. తెర మీద డ్రాగన్ వచ్చినా ఆయనకు పట్టేది కాదు. నేను ఊళ్లోకి వెళ్లి, దొరికిన సరుకు అమ్మడం మొదలుపెడితే మాత్రం కుర్చీ ముందుకు లాక్కునేవాడు.

ఒకరోజు బందిపోట్ల గుహ ఒకటి ఖాళీ చేసి కత్తులు, డాళ్లు, ఇనుప కవచాలు అన్నీ ఎత్తుకుని వైట్‌రన్ ఊళ్లో బెలెథార్ కొట్టుకి నడిచాను. నడిచాను అనే చెప్పాలి, ఎందుకంటే మోయగల బరువు దాటితే ఈ ఆటలో పరిగెత్తలేం, మ్యాప్ మీద నొక్కి వేరే చోటుకి పోలేం. తీరా కొట్లో సగం సరుకు అమ్మేసరికి అతని డబ్బు అయిపోయింది. మిగతా సగం నా వీపు మీదే ఉండిపోయింది.

"వాడి గల్లాలో ఎంతుందో చూసుకోకుండా ఇంత బరువు మోసుకొచ్చీసావేట్రా?" అన్నాడు మావయ్య.

ఆయన అన్న ఆ మాటే ఈ ఆటలోని వ్యాపారానికి అసలు తాళంచెవి అని నాకు చాలా తర్వాత అర్థమైంది. ఆట 2011 నవంబరు 11న వచ్చింది. పాతది ఆడాను, 2016లో వచ్చిన స్పెషల్ ఎడిషన్ కూడా ఆడాను. ఇప్పటికి నాలుగు పాత్రలు, దాదాపు 900 గంటలు. కథ గురించి, యుద్ధం గురించి చాలామంది రాశారు కాబట్టి నేను అమ్మకం గురించే రాస్తాను. నాకు అన్నిటికన్నా ఇష్టమైన భాగం అదే.

మిగతా చాలా ఆటల్లో దుకాణదారుడి డబ్బుకి అంతుండదు. ఏది తెచ్చినా, ఎన్ని తెచ్చినా కొనేస్తాడు. స్కైరిమ్‌లో ప్రతి వ్యాపారి దగ్గరా ఇంతే అని ఒక మొత్తం ఉంటుంది. మొదట్లో అన్ని సరుకులూ కొనే కొట్టులో 750 నాణేలు, కమ్మరి దగ్గర 1000, మందుల కొట్టులో 500 ఉంటాయి. ఆ డబ్బు అయిపోతే ఆటలో రెండు రోజులు, అంటే 48 గంటలు గడిస్తేనే మళ్లీ నిండుతుంది. పైగా కమ్మరి మందులు కొనడు, మందులవాడు కత్తులు కొనడు. కొట్లు కూడా ఎక్కువగా పొద్దున్న ఎనిమిది నుంచి రాత్రి ఎనిమిది వరకే తెరిచి ఉంటాయి. అంటే ఇక్కడ సరుకు సంపాదించడం తేలిక, దాన్ని డబ్బుగా మార్చుకోవడమే కష్టం. కొత్తగా ఆడేవాళ్లకి ఇది చిరాకు పుట్టిస్తుంది. నాకు మాత్రం ఈ ఒక్క నియమం వల్లే అది నిజమైన సంతలా అనిపించింది.

ఇక ధర. వస్తువు మీద రాసి ఉన్న విలువ మన చేతికి రాదు. స్పీచ్ అనే నైపుణ్యం 15 ఉన్నప్పుడు 1000 విలువైన మచ్చలేని వజ్రానికి మనకి వచ్చేది దాదాపు 322. స్పీచ్ 100కి చేరితే అదే వజ్రానికి 500. లెవెల్ పెరిగినప్పుడు మనం ఎంచుకునే అదనపు సామర్థ్యాలని పెర్క్‌లు అంటారు. వాటిలో హాగ్లింగ్ పెర్క్ ఐదు మెట్లూ తీసుకుంటే మరో 30 శాతం కలిసి 650 అవుతుంది. జెనిథార్ తాయెత్తు మెడలో ఉంటే ఇంకో పది శాతం కలుస్తుంది. నా మొదటి పాత్రకి స్పీచ్ మీద ఒక్క పెర్క్ కూడా పెట్టలేదు, అన్నీ కత్తి మీదే పెట్టాను. ఇరవై ఐదో లెవెల్ దాకా ఎప్పుడూ చేతిలో డబ్బు లేకుండానే తిరిగాను.

బరువు సంగతి ఇంకా ముఖ్యం. మొదట్లో 300 మోయగలం. ఇనుప కవచం బరువు 30, విలువ 125. బంగారు ఉంగరం బరువు పావు, విలువ 75. పైన చెప్పిన వజ్రం బరువు 0.1. ఈ లెక్క ఒకసారి బుర్రకెక్కాక నేను గుహల్లో ఇనుప కవచాల వైపు చూడటమే మానేశాను. ఒక యూనిట్ బరువుకి కనీసం పది నాణేల విలువ లేని వస్తువు ముట్టుకోకూడదని నియమం పెట్టుకున్నాను. లెవెల్ పెరిగాక దాన్ని ఇరవై చేశాను. డ్రాగన్ ఎముక బరువు 15, విలువ 500. అది ఎత్తుకోవాలి. ఇనుప కత్తి బరువు 9, విలువ 25. అది అక్కడే వదిలేయాలి. కొత్తవాళ్లు ఈ సమీక్షలోంచి ఒక్కటే తీసుకోవాలంటే ఇదే తీసుకోమంటాను.

మావయ్యకు బాగా నచ్చినవి డ్వార్వెన్ శిథిలాలు, అంటే డ్వెమర్ అనే జాతి వదిలిపోయిన పాత కట్టడాలు. అక్కడ పాత యంత్రాల తుక్కు దొరుకుతుంది. అందులో సాలిడ్ డ్వెమర్ మెటల్ చూడ్డానికి పెద్దగా ఉంటుంది, బరువు 25. కొలిమిలో కరిగిస్తే ఐదు కడ్డీలు వస్తాయి. వంగిన చిన్న తుక్కు ముక్క బరువు 2 మాత్రమే, దానికి మూడు కడ్డీలు. నేను పెద్దది కదా అని దాన్నే ఎత్తుతుంటే ఆయన లెక్క అడిగాడు, చెప్పాను. "పెద్దది ఒదిలీ, చిన్నవి ఏరుకో" అన్నాడు వెంటనే. కాటా ముందు ముప్పై ఏళ్లు కూర్చున్న మనిషి. ఆ చిన్న ముక్కలతో రెండు డ్వార్వెన్ కడ్డీలకు ఒక ఇనుప కడ్డీ కలిపి విల్లు చేస్తే దాని విలువ 270. పనితనం కూడా పెరుగుతుంది, డబ్బూ వస్తుంది. నా రెండో పాత్ర సంపాదనలో సగం ఈ విల్లులదే.

మూడో పాత్రకి బంగారం పట్టుకున్నాను. వైట్‌రన్‌కి ఉత్తరాన హాల్టెడ్ స్ట్రీమ్ క్యాంప్‌లో ట్రాన్స్‌మ్యూట్ మంత్రం ఉన్న పుస్తకం దొరుకుతుంది. ఆ మంత్రం ఇనుప ఖనిజాన్ని వెండిగా, వెండిని బంగారంగా మారుస్తుంది. రెండు బంగారు ఖనిజాలకు ఒక కడ్డీ, ఒక కడ్డీకి రెండు ఉంగరాలు. కురుపాం మార్కెట్లో నగ కొన్న ఎవరికైనా మజూరి అంటే ఏమిటో తెలుసు. ఇక్కడ ఆ మజూరి మనకే మిగులుతుంది. చవకగా కొన్న ఇనుప ఖనిజం చివరికి ఉంగరమై ఆ ధర పలుకుతుంటే కలిగే తృప్తి ఈ ఆటలో మరే పనిలోనూ నాకు దొరకలేదు.

కానీ సరుకు విలువ పెరిగేకొద్దీ మళ్లీ పాత సమస్య ఎదురొస్తుంది. జెయింట్ కాలివేలు, గోధుమ, క్రీప్ క్లస్టర్ అనే మొక్క కలిపి చేసిన మందు చాలా ధర పలుకుతుంది. ఆ మందులు కొన్ని అమ్మితే చాలు, మందుల కొట్టు ఆర్కేడియా దగ్గరున్న 500 అయిపోతాయి. అప్పుడు చేయాల్సింది మొదట ఆమె దగ్గర కొనడం. మనకి కావలసిన మూలికలు, కమ్మరి దగ్గరైతే కడ్డీలు, మంత్రాలవాడి దగ్గరైతే సోల్ జెమ్‌లు అనే మంత్రపు రాళ్లు ముందు కొనాలి. మనం ఇచ్చిన డబ్బు వాళ్ల పెట్టెలోకి చేరుతుంది. ఆ డబ్బుతోనే వాళ్లు మన సరుకు కొంటారు. చూస్తే సరుకుకి సరుకు మార్చుకున్నట్టే. ఈ కిటుకు తెలిశాక రెండు రోజులు నిద్రపోయి వాళ్ల డబ్బు నిండేదాకా ఆగే అవసరం చాలావరకు తప్పింది.

పెర్క్‌లలో స్పీచ్ 50 దగ్గర వచ్చే మర్చంట్ తప్పకుండా తీసుకోవాలి. దాంతో ఏ కొట్లోనైనా ఏ సరుకైనా అమ్మొచ్చు. 70 దగ్గర ఇన్వెస్టర్ ఉంది, 500 ఇస్తే ఆ కొట్టు పెట్టుబడి శాశ్వతంగా పెరుగుతుంది. 100 దగ్గర మాస్టర్ ట్రేడర్, దాంతో ప్రతి వ్యాపారి దగ్గరా 1000 అదనం. అక్కడికి చేరేసరికి మాత్రం డబ్బు అవసరం దాదాపు తీరిపోయి ఉంటుంది, అదొక్కటే బాధ.

దొంగ సరుకు జోలికి నేను పెద్దగా పోలేదు. ఇళ్లలో కొట్టేసిన వస్తువుకి గుర్తు ఉంటుంది, మామూలు వ్యాపారి దాన్ని ముట్టడు. రిఫ్టెన్ ఊరి కింద దొంగల ముఠాలో టొనీలియా లాంటివాళ్లే కొంటారు. ముఠా పనులు పూర్తి చేసుకుంటూ పోతే ఆమె దగ్గర 4000 దాకా ఉంటుంది కాబట్టి లాభం చాలా ఎక్కువే. మావయ్య కొట్టుకి ఎవరైనా రాత్రిపూట రాగి తీగ తెస్తే ఆయన గుమ్మంలోంచే పంపేసేవాడు. ఆయన వెనక కూర్చుని చూస్తుండగా నాకు ఆ పని చేయబుద్ధి కాలేదు.

లోపాలు కూడా చెప్పాలి. అన్నిటికన్నా పెద్దది, ధర కదలదు. వంద బాకులు ఒకే కొట్లో అమ్మినా వందో బాకుకి అదే రేటు. ఊరు మారినా రేటు మారదు. మన పూర్ణా మార్కెట్‌కి టమాటా లారీలు ఎక్కువ వస్తే పొద్దున్న రేటు మధ్యాహ్నానికి ఉండదు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ వచ్చి వెళ్లాక రోజుల తరబడి కరెంటు లేదు, పాల ప్యాకెట్ కోసం ఎంత అడిగితే అంత ఇచ్చి కొన్నాం. కరెంటు వచ్చాక మళ్లీ ఆట తెరిచాను. యుద్ధం జరుగుతున్న ఆ దేశంలో ఒక్క ఊళ్లో కూడా రొట్టె ధర పెరగకపోవడం నాకు అప్పటి నుంచీ వెలితిగానే ఉంది.

రెండోది, డబ్బు పెరిగాక ఖర్చుకి చోటు లేదు. వైట్‌రన్‌లో ఇల్లు 5000, సాలిట్యూడ్‌లో పెద్ద భవనం 25,000. 2012లో వచ్చిన హార్త్‌ఫైర్ అనే అదనపు భాగంతో 5000కి స్థలం కొని మనమే ఇల్లు కట్టుకోవచ్చు, అది నిజంగా మంచి చేర్పు. గురువుల దగ్గర శిక్షణకి లెవెల్‌కి ఐదుసార్లు డబ్బు కట్టొచ్చు. అవన్నీ అయ్యాక పెట్టెలో మూలుగుతుంది. లక్ష కూడబెడితే ఒక అచీవ్‌మెంట్ వస్తుంది. నా రెండో పాత్ర దానికి 18,000 దూరంలో ఉండగా, సెకండ్ హ్యాండ్‌లో కొన్న హార్డ్ డిస్క్ పోయి మొత్తం పోయింది. సేవ్ ఫైళ్లు ఇంకో చోట దాచుకోండి.

మూడోది, వ్యాపారులు చచ్చిపోతారు. డ్రాగన్ ఊరి మీద పడినప్పుడు, డాన్‌గార్డ్ అనే అదనపు భాగం వచ్చాక రాత్రుళ్లు రక్తపిశాచులు దాడి చేసినప్పుడు కొట్టువాడు కత్తి తీసి బయటికి పరిగెడతాడు. అతను పోతే అతని దగ్గర మన బేరాలూ పోతాయి. ఇలాంటి దాడి మొదలైతే నేను అన్నీ వదిలి ముందు వాళ్ల దగ్గరికి పరిగెత్తుతాను.

మావయ్య కొట్టు మూసేసి మూడేళ్లయింది. ఇప్పుడు పగలు కూడా నా పక్కనే కూర్చుంటాడు. నాలుగో పాత్రకి పోయిన వారమే స్పీచ్ 70 దాటింది. మొదటి 500 పెట్టుబడి ఎవరి కొట్లో పెడదామని అడిగాను. నేను బెలెథార్ అనుకున్నాను, ఊరి నడుమ ఉంటాడు, తిరగడానికి వీలు. మావయ్య రివర్‌వుడ్‌లో లూకన్ పేరు చెప్పాడు. "ఏటీ లేనప్పుడు మన సరుకు ముందు కొన్నది ఆడే కదరా." లూకన్ కొట్లోనే పెట్టాను. రెండు రోజులు ఆగి మళ్లీ వెళ్తే అతని దగ్గర 1250 ఉన్నాయి.