తిశ్రంలో సాగే ప్రేమకథ: ‘ది మెర్రీ విడో’ (1934)

నాటకంగా పేరు తెచ్చుకున్న సంగీత కథను సినిమాగా తీసేటప్పుడు పాటలన్నీ వదలకుండా పేర్చాలన్న తాపత్రయం ఎక్కువగా కనిపిస్తుంది. సురభి వారి నాటకం ఆధారంగా 1932లో ‘భక్త ప్రహ్లాద’తో మొదలైన మన టాకీలు కూడా చాలాకాలం ఆ తాపత్రయం నుంచి బయటపడలేదు. వడపళనిలోని ఒక చిన్న ఫిల్మ్ క్లబ్బు ఇటీవల ప్రదర్శించిన ‘ది మెర్రీ విడో’లో దర్శకుడు ఎర్న్‌స్ట్ లూబిష్ ఆ దారి తొక్కలేదు. వియన్నాలో 1905 డిసెంబరు 30న తొలిసారి ప్రదర్శితమైన ఫ్రాంజ్ లెహార్ ఆపరెట్టా (పాటలూ మాటలూ కలిసిన తేలికపాటి సంగీత నాటకం) నుంచి ఆయన కొన్ని బాణీలనే తీసుకుని, మిగిలిన పనిని కెమెరాకు అప్పగించారు.

కథ చిన్నది. మార్షోవియా అనే కల్పిత రాజ్యపు సంపదలో సగానికి పైగా సోనియా అనే యువ వితంతువుది. ఆమె పారిస్‌లో ఎవరినైనా పెళ్ళాడితే ఖజానా ఖాళీ అవుతుందని భయపడిన రాజు, సరసుడిగా పేరుమోసిన డానిలోను ఆమె వెంట పంపుతాడు. అతణ్ణే ఎందుకు ఎంచుకున్నాడో చెప్పే సన్నివేశం లూబిష్ పనితనానికి మచ్చుతునక. రాజు రాణి గదిలోంచి వెళ్ళగానే కాపలా ఉన్న డానిలో లోపలికి దూరతాడు. మరిచిపోయిన ఖడ్గపు పటకా కోసం తిరిగివచ్చిన రాజు చేతికి దొరికింది తన బొజ్జకు ఎంతకీ చాలదు. ఈలోగా గదిలో ఏం జరిగిందో చూపకుండా కెమెరా తలుపు బయటే నిలబడుతుంది. హాలంతా నవ్వింది.

జంటలు సుడులు తిరుగుతూ ఆడే వాల్ట్జ్ నాట్యానిది మూడు మాత్రల నడక, మన తిశ్రానికి దగ్గరిది. కాబట్టి సంగీతం సీజనుకు అలవాటుపడిన చెన్నై చెవులకు ఆ లయ పరాయిగా తోచదు. డానిలో, సోనియాలు మాటల్లో ఒప్పుకోని ప్రేమ నాట్యంలో బయటపడుతుంది. ఆ తర్వాత నలుపు తెలుపు దుస్తుల్లో వందలాది జంటలు అద్దాల నడవాల్లోంచి సుడులుగా సాగే దృశ్యాన్ని చూస్తే, కళాదర్శకత్వానికి ఆస్కార్ రావడంలో ఆశ్చర్యమేమీ కనిపించదు.

సోనియాగా నటించిన జానెట్ మెక్‌డొనాల్డ్ గాత్రం ముందు డానిలోగా నటించిన మారిస్ షెవాలియే గొంతు తేలికదే. అయినా అతడి కొంటెతనం ఆ లోటు తెలియనివ్వదు. చెరసాలలో ముగిసే చివరి ఘట్టం మాత్రం నాకు హడావిడిగా చుట్టేసినట్టు అనిపించింది. అంతకన్నా పెద్ద వెలితి ప్రదర్శనలోనే ఉంది: సంభాషణలకు ఉపశీర్షికలు వేసి పాటలను వదిలేయడంతో, లోరెంజ్ హార్ట్ ఇంగ్లీషులో రాసిన పల్లవుల చమత్కారం చాలామందికి అందకుండా పోయింది.