49 పరుగులా, 45 పరుగులా, 30–3 ఆ? బేస్‌బాల్‌లో ఏ మ్యాచ్ మేలు?

మా బావ డల్లాస్‌లో ఉంటాడు, నేను షికాగో పక్క ఊళ్లో. ఇద్దరికీ చిన్నప్పట్నుంచీ క్రికెట్టే లోకం. పిల్లలు ఇక్కడి స్కూళ్లలో పడ్డాక బేస్‌బాల్ కూడా ఇంట్లోకి వచ్చి తిష్ట వేసింది. ఇప్పుడు థాంక్స్‌గివింగ్‌కి కలిసినా, సంక్రాంతికి ఫోన్ చేసుకున్నా, నాలుగు మాటలయ్యాక ఒకటే పేచీ. పరుగుల వరద పారిన మ్యాచ్‌ల్లో ఏది గొప్పది?

బావది టెక్సస్ రేంజర్స్ పార్టీ. వాళ్ల సొంత మైదానం డల్లాస్ పక్కనున్న ఆర్లింగ్టన్‌లోనే. 2007లో ఆ జట్టు ఒక్క మ్యాచ్‌లో 30 పరుగులు కొట్టింది. "ఒరేయ్, ముప్పై అంటే ముప్పైరా. ఇంకేం కావాలి?" అంటాడు. రికార్డు పుస్తకాన్ని అడిగితే 1922 అంటుంది. షికాగో కబ్స్ 26, ఫిలడెల్ఫియా ఫిలీస్ 23, మొత్తం 49. రెండు జట్లవీ కలిపితే అమెరికా అగ్రశ్రేణి పోటీ అయిన మేజర్ లీగ్‌లో అదే అత్యధికం. నాది మూడో దారి: 1979. అవే రెండు జట్లు, అదే మైదానం. ఫిలీస్ 23, కబ్స్ 22, మొత్తం 45. రికార్డుకి నాలుగు పరుగులు తక్కువ. అయినా నా ఓటు దానికే.

బేస్‌బాల్ అలవాటు లేనివాళ్లకి ఒక్క మాట. ఈ ఆటలో ఒక జట్టు సగటున కొట్టేది నాలుగైదు పరుగులు. మొన్నామధ్య మా నాన్నని మ్యాచ్‌కి తీసుకెళ్తే, 2–1తో ముగిసింది. "మూడు గంటలు కూర్చోబెట్టి మూడు పరుగులేంట్రా" అని దారంతా సణిగారు. కాబట్టి 45 పరుగులంటే సుమారు ఐదు మ్యాచ్‌ల పరుగులు ఒక్క మధ్యాహ్నం కురిసినట్టు. ఇది ఎలా కుదురుతుందంటే, ఇక్కడ ఓవర్ల లెక్క లేదు. టీ20లో 120 బంతులు అయిపోతే ఎంత బాదేవాడైనా ఆగాల్సిందే. బేస్‌బాల్‌లో మూడు ఔట్లు పడేదాకా జట్టు ఇన్నింగ్స్ అయిపోదు. రెండు జట్లూ మార్చి మార్చి ఇలాంటివి తొమ్మిదేసి ఆడతాయి, స్కోరు సమమైతే పదోది కూడా. ఆ మూడో ఔట్ దొరక్కపోతే బంతి విసిరే పిచర్ గతి అధోగతే. తొమ్మిది మంది బ్యాటర్లూ అయిపోయి మళ్లీ మొదటివాడే వస్తాడు, ఒక్కోసారి మూడో చుట్టు కూడా మొదలవుతుంది.

బావ మ్యాచ్ సంగతి ముందు తేల్చేస్తాను, ఎక్కువసేపు పట్టదు.

2007 ఆగస్టు 22, బాల్టిమోర్. ఒకే రోజు రెండు మ్యాచ్‌లు, అందులో మొదటిది. మూడు ఇన్నింగ్స్ అయ్యేసరికి ఆతిథ్య జట్టు ఓరియోల్స్‌దే 3–0 ఆధిక్యం. తర్వాత రేంజర్స్ నాలుగో ఇన్నింగ్స్‌లో 5, ఆరులో 9, ఎనిమిదిలో 10, తొమ్మిదిలో 6 కొట్టారు. మిగిలిన ఐదు ఇన్నింగ్స్‌లో సున్నా. అంటే మొత్తం 30 పరుగులూ నాలుగు విడతల్లోనే వచ్చాయి. ఒక జట్టు 30 కొట్టడం 1897 తర్వాత అదే మొదటిసారి. ఆ 1897 మ్యాచ్‌లో షికాగో జట్టు లూయివిల్‌ని 36–7తో చితక్కొట్టింది. ఒక్క జట్టు పరుగుల్లో ఇప్పటికీ అదే రికార్డు. కాబట్టి ఉన్న పళంగా రికార్డే కావాలంటే బావ ముప్పైకి కూడా ఆ కిరీటం దక్కదు.

అయినా ఈ మ్యాచ్‌లో నాకు నచ్చే ముచ్చట్లు లేకపోలేదు. రేంజర్స్ బ్యాటింగ్ వరసలో అట్టడుగున దిగిన జారడ్ సాల్టలమాకియా, రమోన్ వాస్కెజ్ చెరి రెండు హోమ్ రన్లు కొట్టి, చెరి ఏడు పరుగులు తెచ్చారు. (హోమ్ రన్ అంటే బంతిని గోడ దాటించడం, మన సిక్సర్ లాంటిది. బ్యాటరూ, దారిలో బేస్‌లనే మజిలీల మీద ఉన్నవాళ్లూ తలా ఒక పరుగు తెస్తారు.) మన లెక్కలో చెప్పాలంటే ఎనిమిది, తొమ్మిదో నంబర్ వాళ్లిద్దరూ సెంచరీలు బాదినట్టు. ఇంకో వింత వెస్ లిటిల్‌టన్‌ది. అతను ఏడో ఇన్నింగ్స్‌లో బంతి అందుకునేసరికే స్కోరు 14–3. చివరి మూడు ఇన్నింగ్స్ ప్రశాంతంగా విసిరాడు. గెలిచిన జట్టు తరఫున చివరి మూడు ఇన్నింగ్స్ సరిగ్గా విసిరి ముగించినవాడికి, ఆధిక్యం ఎంతున్నా 'సేవ్' రాయాలని రూలు ఉంది. సేవ్ అంటే చేజారబోయే మ్యాచ్‌ని కాపాడినందుకు ఇచ్చే గుర్తింపు. 27 పరుగుల తేడాతో గెలిచిన మ్యాచ్‌ని అతను 'కాపాడాడు'! స్కోరు రాసేవాడు ఏ మొహం పెట్టుకుని రాశాడో గానీ, రూలు రూలే. పైగా బాల్టిమోర్ వాళ్లు తమ తాత్కాలిక మేనేజర్ డేవ్ ట్రెంబ్లీని మరుసటి ఏడాదికీ కొనసాగిస్తామని ప్రకటించింది సరిగ్గా ఆ రోజే.

ముచ్చట్లు బాగున్నాయి. ఆట మాటేమిటి? ఆరో ఇన్నింగ్స్‌లో 14–3 అయ్యాక ఆ మ్యాచ్‌లో తేలాల్సింది ఏమీ లేదు. ఆ తర్వాత వచ్చిన 16 పరుగులూ చచ్చిన పాముని కొట్టడమే. కడుపు నిండినవాడికి కొసరి కొసరి వడ్డిస్తే పదిహేనో గారె రుచి ఎవడికి తెలుస్తుంది?

ఇక 1922. ఆగస్టు 25, శుక్రవారం. ఇప్పుడు రిగ్లీ ఫీల్డ్ అంటున్న మైదానాన్ని అప్పట్లో కబ్స్ పార్క్ అనేవారు. కబ్స్ రెండో ఇన్నింగ్స్‌లో 10, నాలుగో ఇన్నింగ్స్‌లో 14 కొట్టారు. ఆ నాలుగో ఇన్నింగ్స్‌లో మార్టీ క్యాలహాన్ అనే ఆటగాడు మూడుసార్లు బ్యాటింగ్‌కి వచ్చాడు. రెండు హిట్లు కొట్టి మూడోసారి ఔటయ్యాడు. నాలుగు ఇన్నింగ్స్ ముగిసేసరికి 25–6. ఫిలీస్ ఆ రోజు వాడింది ఇద్దరే పిచర్లని. మొదటివాడు జిమ్మీ రింగ్ 16 పరుగులు ఇచ్చేదాకా అతన్ని అక్కడే నిలబెట్టారు. వాటిలో పది అతని తప్పు కూడా కాదు, ఫీల్డర్ల తప్పిదాల పుణ్యమా అని వచ్చినవే.

49 అంకె వెనక ఉన్న గుట్టు ఇక్కడే ఉంది. రెండు జట్లూ కలిపి తొమ్మిది తప్పిదాలు చేశాయి. బ్యాటర్‌కి అందేలా విసరలేక పిచర్లు ఉత్తినే ఇచ్చుకున్న 'వాక్'లు 21. అంటే బ్యాట్‌తో సంపాదించినవాటితో పాటు దానంగా వచ్చినవీ చాలానే. మన దగ్గర ఎక్స్‌ట్రాలతో, వదిలేసిన క్యాచ్‌లతో నాలుగొందలు దాటిన స్కోరుని గొప్పగా చెప్పుకుంటామా?

ఇంతవరకే అయితే 1922ని కూడా పక్కన పెట్టేసేవాణ్ని. కానీ దాని ప్రాణమంతా తోకలో ఉంది. ఏడు ఇన్నింగ్స్ అయ్యాక స్కోరు 26–9. ఇంటికెళ్లే జనం లేచిపోయే వేళ. ఎనిమిదో ఇన్నింగ్స్‌లో ఫిలీస్ 8 కొట్టారు, 26–17. తొమ్మిదిలో ఇంకో 6 కొట్టారు, 26–23. రెండు ఔట్లయ్యాయి, మూడు బేస్‌ల మీదా మనుషులున్నారు. బ్యాటింగ్‌కి వచ్చినవాడు బీవో లబూర్వో. ఒక్క హోమ్ రన్ పడితే నాలుగు పరుగులు, 27–26తో ఫిలీసే ముందుంటారు. 19 పరుగులు వెనకబడ్డ జట్టు! పిచర్ పేరు టైనీ ఆస్బర్న్. టైనీ అంటే బుల్లోడు. మనిషి మాత్రం ఆరడుగుల పైన ఆజానుబాహువు, వెక్కిరింపుగా పెట్టిన పేరు. అతను లబూర్వోని స్ట్రైకౌట్ చేశాడు, అంటే బంతిని కొట్టనివ్వకుండానే ఔట్ చేశాడు. అక్కడితో సరి.

ఆ చివరి అరగంట చూడ్డానికి ఏమిచ్చినా ఇస్తాను. కానీ దానికోసం ముందు ఏడు ఇన్నింగ్స్ భరించాలి. పైగా చూద్దామన్నా బొమ్మ లేదు. మనకి మిగిలింది స్కోరు కార్డూ, నాటి పేపర్ల రాతలూ.

1979 అలా కాదు. టీవీ ప్రసారం వీడియోగా దొరుకుతుంది, మొత్తం కూర్చుని చూశాను.

మే 17, గురువారం మధ్యాహ్నం. రిగ్లీలో అప్పటికి ఫ్లడ్‌లైట్లు లేవు, 1988లో గానీ రాలేదు. ఆటంతా ఎండలోనే. ఆ మైదానం మిషిగన్ సరస్సుకి దగ్గర. గాలి సరస్సు మీంచి లోపలికి వీస్తే ఎంత గట్టిగా కొట్టినా బంతి గాల్లోనే నీరసించి కింద పడుతుంది. బయటికి వీస్తే మామూలు క్యాచ్ కూడా గోడ దాటేస్తుంది. ఇక్కడివాళ్లు సీట్లో కూర్చోగానే ముందు స్కోరు బోర్డు మీది జెండాలు ఎటు ఎగురుతున్నాయో చూస్తారు, నాకూ ఆ అలవాటు అంటుకుంది. ఆ రోజు అవి బయటికి ఎగిరాయి. రెండు జట్లూ కలిపి 11 హోమ్ రన్లు కొట్టాయి.

మొదటి ఇన్నింగ్స్ ఒక్కటీ దగ్గర నుంచి చూడండి. ఫిలీస్ తరఫున మైక్ ష్మిట్ మూడు పరుగుల హోమ్ రన్, బాబ్ బూన్ ఇంకో మూడు పరుగులది. కబ్స్ పిచర్ డెనిస్ ల్యాంప్ ఒక్క ఔట్ మాత్రమే తీసి వెళ్లిపోయాడు. ఆ రోజుల్లో ఈ రెండు జట్లూ ఉన్న నేషనల్ లీగ్‌లో (మేజర్ లీగ్‌లో ఒక సగం) పిచర్లు కూడా బ్యాటింగ్ చేయాలి. ఫిలీస్ పిచర్ ర్యాండీ లెర్చ్ తానింకా ఒక్క బంతీ విసరకముందే వచ్చి హోమ్ రన్ కొట్టాడు. 7–0. ఎంత ధీమాగా బంతి పట్టుకుని ఉంటాడు! అతనూ ఒక్క ఔట్ తీసి మైదానం విడిచాడు. కబ్స్ 6 కొట్టారు. ఒక్క ఇన్నింగ్స్‌కే 7–6, ఇద్దరు స్టార్టింగ్ పిచర్లూ బెంచి మీద.

మూడో ఇన్నింగ్స్‌లో ఫిలీస్ 8 కొట్టారు. ఐదో ఇన్నింగ్స్ సగానికి 21–9. ఇక్కడ నేను ఒప్పుకోవాలి, ఈ మ్యాచ్ కూడా చచ్చినట్టే కనిపించింది. కానీ కబ్స్ అదే ఇన్నింగ్స్‌లో 7 తిరిగిచ్చారు. అందులో బిల్ బక్నర్ మూడు బేస్‌లూ నిండి ఉండగా కొట్టిన హోమ్ రన్ ఉంది. (ఈ బక్నరే ఏడేళ్ల తర్వాత బాస్టన్ తరఫున మేజర్ లీగ్ ఫైనల్ అయిన వరల్డ్ సిరీస్‌లో కాళ్ల మధ్య నుంచి బంతి వదిలేసి జీవితాంతం మాటలు పడ్డాడు. ఈ రోజు తెచ్చిన ఏడు పరుగులు ఎవరికీ గుర్తు లేవు.) ఆరులో ఇంకో 3. డేవ్ కింగ్‌మన్ తన మూడో హోమ్ రన్ కొట్టాడు. 21–19. ఏడులో ఫిలీస్ ఒకటి చేర్చారు. ఎనిమిదిలో కబ్స్ మూడు కొట్టి 22–22 చేశారు.

ఎవరు లెక్క పెట్టారో గానీ, 12 పరుగుల లోటు పూడ్చి గెలవడం మేజర్ లీగ్ చరిత్రలో మూడుసార్లే జరిగింది: 1911, 1925, 2001. కబ్స్ ఆ 12నీ పూడ్చారు, కానీ గెలవలేదు కాబట్టి ఆ జాబితాలో పేరు లేదు. మొన్న 2024 ఏప్రిల్‌లో బెంగళూరులో సన్‌రైజర్స్ 287 కొడితే ఆర్‌సీబీ 262 కొట్టి ఓడిపోయింది, గుర్తుందా? ఆ రాత్రి హైదరాబాద్ అభిమానినైన నాకే దినేశ్ కార్తీక్ ఆడుతున్నంతసేపూ గుండెలు దడదడలాడాయి. కబ్స్ వాళ్ల 22 కూడా అలాంటిదే.

పదో ఇన్నింగ్స్. కబ్స్ తమ బ్రహ్మాస్త్రం బ్రూస్ సటర్‌ని దించి ఉన్నారు. ఆ ఏడాది నేషనల్ లీగ్‌లో ఉత్తమ పిచర్‌కిచ్చే సై యంగ్ అవార్డు అతనికే వచ్చింది. రెండు ఔట్లు తీశాడు. అప్పుడు ష్మిట్ వచ్చాడు, మొదటి ఇన్నింగ్స్‌లో మొదలెట్టినవాడే. ఎడమ వైపు గోడ దాటించాడు. 23–22. కబ్స్ చివరి అవకాశంలో రాలీ ఈస్ట్‌విక్ ముగ్గుర్నీ వరసగా ఔట్ చేశాడు. ఈ ఈస్ట్‌విక్ రెండు ఇన్నింగ్స్ విసిరి ఒక్క బ్యాటర్‌నీ బేస్ ఎక్కనివ్వలేదు. అందరి బంతులూ గాలికి కొట్టుకుపోయిన రోజున అతనికి మాత్రం గాలే లేనట్టుంది. ఆ రోజు స్టేడియంలో ఉన్నది పదిహేను వేలకి కాస్త తక్కువ మంది. అప్పటికీ ఇప్పటికీ ఆ స్కోరు బోర్డులో ఇన్నింగ్స్ పలకల్ని లోపల కూర్చున్న మనుషులే చేత్తో మారుస్తారు. ఆ మధ్యాహ్నం వాళ్ల చేతులకి ఎంత పని పడిందో!

బావకి దీని మీద ఒకటే అభ్యంతరం. "అవి గాలి కొట్టిన పరుగులురా, మనుషులు కొట్టినవి కావు." సగం నిజం. కానీ గాలి రెండు జట్లకీ ఒకేలా వీచింది. 1922లో ఫీల్డర్లు జారవిడిచిన బంతులకి ఆ సంజాయిషీ కూడా లేదు. బావ 2007లో అయితే సంజాయిషీ అడిగే అవసరమే రాలేదు, అక్కడ కొట్టేవాడు ఒక్కడే, తినేవాడు ఇంకొకడు.

ఒక్క సాయంత్రమే ఖాళీ ఉందంటే 1979 చూడండి. నాలుగు గంటలు పడుతుంది, మధ్యలో టీ పెట్టుకోవచ్చు. పది నిమిషాలే ఉంటే 1922 స్కోరు కార్డు తెరిచి చివరి రెండు ఇన్నింగ్స్ చదవండి. సేవ్ రూలు మీద నలుగురిలో జోకేయాలంటే 2007 చాలు.

కిందటి వారం బావకి 1979 వీడియో లింకు పంపాను. రాత్రి పదకొండింటికి ఫోన్ చేశాడు. "ఏరా, 21–9. అయిపోయిందిగా. పడుకుంటున్నా."

"ఏ ఇన్నింగ్స్ బావా?"

"ఐదు."

"పడుకోకు" అన్నాను.