పాత యానిమే వేటలో యూబ్లాక్ ఆరిజిన్: చాన్నాళ్లు వాడాక

అమలాపురంలో మాది జిరాక్స్, నెట్ షాపు. సాయంత్రమైతే కాలేజీ కుర్రాళ్లు పెన్‌డ్రైవ్‌లతో దిగుతారు. నాకేమో 1980ల్లో జపాన్‌లో నేరుగా వీడియో క్యాసెట్లుగా వచ్చిన యానిమే (జపాన్ కార్టూన్లు) అంటే పిచ్చి. యానిమే చూపించే క్రంచీరోల్‌లో ఇప్పుడు తెలుగు డబ్బింగ్‌లు కూడా దొరుకుతున్నాయి గానీ, ఈ పాతవి చాలావరకు ఉండవు. వెతుకుతూ పోతే తగిలేవన్నీ ఊరూ పేరూ లేని సైట్లే.

అందుకే ఫోన్‌లోనూ షాపులోనూ ఫైర్‌ఫాక్స్ బ్రౌజర్, దానికి యాడ్లు ఆపే ఎక్స్‌టెన్షన్ యూబ్లాక్ ఆరిజిన్. ఆండ్రాయిడ్ క్రోమ్‌లో ఎక్స్‌టెన్షన్లు పనిచేయవు, కంప్యూటర్ క్రోమ్‌లో ఇప్పుడు మిగిలింది దీని లైట్ వెర్షనే. దీన్ని రాసిన రేమండ్ హిల్ విరాళాలు కూడా తీసుకోడు. పెట్టుకునేటప్పుడు పేరులో 'ఆరిజిన్' ఉందో లేదో చూడండి, ఉత్త యూబ్లాక్ వేరేవాళ్లది.

ప్లే నొక్కగానే ఇంకో ట్యాబ్ తెరుచుకుని 'మీ ఫోన్‌లో 13 వైరస్‌లు' అని బెదిరించే గోల దాదాపు పోయింది. 'రోబో కాదని చెప్పడానికి అలో నొక్కండి' అనే మోసం మాత్రం అప్పుడప్పుడూ జారిపడుతుంది. అలో నొక్కామా, రాత్రీపగలూ చెత్త నోటిఫికేషన్లే. ఫైర్‌ఫాక్స్ సెట్టింగ్స్‌లో నోటిఫికేషన్ల అనుమతిని మొత్తానికే బ్లాక్ చేసి పడేశాను.

యూబ్లాక్ ఆరిజిన్ ఆపలేనిది మనం చేతులారా దింపుకునే ఫైలు. మొన్న ఒక కుర్రాడు వచ్చి, "అన్నా, ఎపిసోడ్ ఓపెనవ్వట్లేదు, ఒకసారి చూడవా?" అన్నాడు. పేరు చివర వీడియో ఫైలుకుండే ఎంకేవీ అనే ఉంది. ఫైలు ఏ రకమో చెప్పే అసలు ఎక్స్‌టెన్షన్‌ని విండోస్ దాచేస్తుంది కదా, వ్యూలోకెళ్లి 'ఫైల్ నేమ్ ఎక్స్‌టెన్షన్స్' టిక్ పెడితే వెనకాల ఈఎక్స్ఈ, అంటే నొక్కితే నడిచే ప్రోగ్రామ్, బయటపడింది. ఇరవై నిమిషాల ఎపిసోడ్ రెండు ఎంబీ ఎలా ఉంటుంది? పాస్‌వర్డ్ పెట్టిన జిప్ అయితే ఇంకా అనుమానం, లోపల ఏముందో యాంటీవైరస్‌కి కనపడదు. 'మా ప్లేయర్ యాప్ వేసుకోండి' అంటూ ఏపీకే (ఆండ్రాయిడ్ యాప్ ఫైలు) ఇచ్చే సైటుని అక్కడికక్కడే మూసేయడమే.

అసలు ఇన్ని సైట్లు తిరగకుండా చేసింది ట్రేస్ డాట్ మో (trace.moe) అనే సైటు. ఒక్క స్క్రీన్‌షాట్ ఇస్తే ఏ యానిమే, ఏ ఎపిసోడ్, ఎన్నో నిమిషమో చెబుతుంది. బొమ్మ గీసిందెవరో కావాలంటే సాస్‌నావో (SauceNAO) అనే సైటు.

యూబ్లాక్ ఆరిజిన్‌తో చిరాకు ఒకటే. యాడ్‌బ్లాకర్ తీస్తేనే వీడియో అని కొన్ని సైట్లు మొండికేస్తాయి. నేను తీయను, ఇంకో చోట వెతుక్కుంటాను. దీనికి నా మార్కులు ఐదుకి నాలుగున్నర.