సహాయ నటుడికి ఏది మేలు: వెండితెరా, బుల్లితెరా?

జంధ్యాల దర్శకత్వంలో 1987లో వచ్చిన ‘అహ నా పెళ్ళంట’లో కృష్ణా జిల్లా నాటకరంగం నుంచి వచ్చిన ఇద్దరు నటులు కనిపిస్తారు. ఒకరు కంకిపాడులో పుట్టి, బ్యాంకు ఉద్యోగం చేసుకుంటూ నాటకాలాడి, 1978లో ‘ప్రాణం ఖరీదు’తో సినిమాల్లోకి వచ్చిన కోట శ్రీనివాసరావు. రెండవవారు విజయవాడలో మిఠాయి వ్యాపారం చేస్తూ నాటకాలాడి, ఈ చిత్రంతోనే తొలిసారి తెరకెక్కిన గుండు హనుమంతరావు. నేపథ్యం దాదాపు ఒకటే అయినా, ఇద్దరికీ పేరు తెచ్చిన తెరలు వేరు. సహాయ నటుడికి సినిమా మేలా, టీవీ మేలా అన్న ప్రశ్నకు ఈ ఇద్దరినీ పక్కపక్కన పెట్టి చూడటం కంటే మంచి దారి నాకు తోచలేదు.

కోటను చూస్తే సినిమాయే మేలనిపిస్తుంది. ‘ప్రతిఘటన’లో తెలంగాణ యాసలో మాట్లాడే కాశయ్య, ‘అహ నా పెళ్ళంట’లో వేలాడదీసిన కోడిని చూస్తూ వట్టి అన్నం తినే పిసినారి లక్ష్మీపతి, గుణ్ణం గంగరాజు తీసిన ‘లిటిల్ సోల్జర్స్’లో తాత, ఇవన్నీ ఒకే మనిషి చేసిన పాత్రలంటే కొత్తగా చూసేవారు నమ్మరు. ఇన్ని వేషాలు మార్చే అవకాశం ఒక్క సినిమాయే ఇవ్వగలదు. అయితే ఇందులో ఒక మెలిక ఉంది. కోట తరచుగా వేసిన ప్రతినాయకుడి వేషానికి కథలో చివరిదాకా నిలిచే హక్కు ఉంటుంది. ఆ నిడివి దొరికింది కనుకనే కోట ప్రతిభ పూర్తిగా బయటపడింది.

హాస్యనటుడికి ఆ హక్కు లేదు. హనుమంతరావు ‘మాయలోడు’, ‘యమలీల’తో సహా వందలాది చిత్రాల్లో నటించారు గానీ, వాటిలో చాలావరకు రెండు మూడు సన్నివేశాల వేషాలే. సినిమా నిడివి పెరిగిందంటే కూర్పు బల్ల మీద ముందుగా కత్తెర పడేది అటువంటి సన్నివేశాలకే. ముఖం అందరికీ తెలుస్తుంది, పాత్ర పేరు మాత్రం ఎవరికీ గుర్తుండదు.

ఆ పేరు ఆయనకు టీవీలో దొరికింది. అదే గంగరాజు నిర్మాణంలో 2001 నవంబరు నుంచి 2007 వరకు జెమిని టీవీలో ఆదివారాలు వచ్చిన హాస్య ధారావాహిక ‘అమృతం’లో ఆయన ఆంజనేయులు, అంటే అంజి. కథానాయకుడు అమృతరావు వేషాన్ని మొదట శివాజీ రాజా, తర్వాత నరేష్, ఆపైన హర్షవర్ధన్ వేశారు. అంజి మాత్రం మారలేదు. సహాయ నటుడు స్థిరంగా ఉండి నాయకుడు మారడం సినిమాలో ఊహకు కూడా అందని సంగతి. చివరికి ఆ ధారావాహిక శీర్షిక గీతం సైతం ఆంజనేయులునే పిలుస్తూ మొదలవుతుంది. పైగా వారానికి ఒక్క భాగమే కనుక రాసేవారికి తీరిక ఉండేది. స్నేహితుడు అమృతరావు మాట నమ్మి నష్టపోయే అంజి అమాయకత్వాన్ని వారం వారం కొత్త ఇబ్బందిలో పెట్టి చూపగలిగారు.

రోజువారీ సీరియల్ సంగతి వేరు. వారానికి ఐదారు భాగాలు నింపాలంటే ఒకే కోపాన్ని, ఒకే కన్నీటిని రోజుల తరబడి సాగదీయక తప్పదు. రేటింగు పడిపోతే పాత్ర ఊరెళ్ళిపోతుంది, లేదా ఒక సాయంత్రం అదే పేరుతో వేరే ముఖం ప్రత్యక్షమవుతుంది. అయినా నెలనెలా పని దొరుకుతుందన్న భరోసా చిన్న నటుడికి చిన్న విషయమేమీ కాదు. ఇల్లు గడవడమే ప్రధానమైనప్పుడు ఆ దారిని ఎంచుకున్నవారిని నేను తప్పుపట్టలేను.

కనుక నా ఓటు తెరను బట్టి కాదు, నిడివిని బట్టి పడుతుంది. కోటకు దొరికినట్టు మొదటి నుంచి చివరిదాకా నడిచే వేషాలు వస్తున్నంత కాలం సినిమాను వదలకూడదు. రెండు సన్నివేశాల దగ్గరే ఏళ్ళు గడిచిపోతున్న నటుడికైతే, బాగా రాసిన వారపు ధారావాహికలో ఒక్క పాత్ర వంద సినిమాల పెట్టు.

హనుమంతరావు 2018 ఫిబ్రవరిలో కన్నుమూశారు. రెండేళ్ళకు ‘అమృతం ద్వితీయం’ వచ్చినప్పుడు అంజి వేషం ఎల్.బి. శ్రీరాం వేశారు. ఆయన చేయి తిరిగిన నటుడే. అయినా అమృతరావు ముగ్గురు మారినప్పుడు త్వరగానే అలవాటు పడిన నేను, ఈ ఒక్క మార్పుకు ఇంకా అలవాటు పడలేదు.