గేమ్ పాస్ కట్టాక డౌన్‌లోడా, స్ట్రీమింగా: ఏది మేలు?

"అన్నా, మా ఇంట్లో నెట్ 100 ఎంబీపీఎస్. ఇంకా గంటలు గంటలు డౌన్‌లోడ్ ఎందుకు, స్ట్రీమ్ చేసుకుంటే పోలా?" 2025 నవంబర్‌లో ఎక్స్‌బాక్స్ క్లౌడ్ గేమింగ్ మన దేశానికి వచ్చినప్పటి నుంచి తెలిసిన కుర్రాళ్లు అడిగే ప్రశ్న ఇదే. గేమ్ పాస్ అంటే నెలనెలా చందా కట్టి ఎక్స్‌బాక్స్ గేములు ఆడుకునే సర్వీసు. స్ట్రీమింగ్ అంటే గేమ్ వాళ్ల సర్వర్ మీద నడుస్తూ, బొమ్మ మాత్రం మన తెర మీదకి రావడం. స్ట్రీమ్ చేసుకోవచ్చు. కానీ ఆ 100 అంకెను చూసుకుని కాదు. ఆ అంకె డౌన్‌లోడ్‌కి పనికొస్తుంది. స్ట్రీమింగ్‌కి కావాల్సింది వేరే.

కొంచెం వెనక్కి వెళ్తే, రెండు పెద్ద కంపెనీలూ దీన్ని చెరో వైపు నుంచి మొదలుపెట్టాయి. సోనీ వాళ్ల ప్లేస్టేషన్ నౌ అనే చందా సర్వీసు మొదట్లో స్ట్రీమింగ్ మాత్రమే. తర్వాత 2018లో పీఎస్4 గేముల్ని డౌన్‌లోడ్ చేసుకునే వీలు పెట్టారు. మైక్రోసాఫ్ట్ గేమ్ పాస్ 2017 జూన్‌లో పక్కా డౌన్‌లోడ్ సర్వీసుగా వచ్చింది. 2020 సెప్టెంబర్‌లో 22 దేశాల్లో స్ట్రీమింగ్ కలిపారు. ఆ 22లో మనం లేం, ఐదేళ్లు ఆగాం. చివరికి ఇద్దరూ రెండూ ఇస్తున్నారంటే, ఏదో ఒక్కదానితో పని జరగదని వాళ్లకీ అర్థమైనట్టే.

ప్లేస్టేషన్ ఉన్నవాళ్ల సంగతి ముందే తేల్చేస్తాను. సోనీ ఇప్పటి చందా సర్వీసు పీఎస్ ప్లస్‌లో ఇక్కడ దొరికే పై ప్లాన్ పేరు డీలక్స్. బయటి దేశాల్లో ఉండే ప్రీమియం కాదు. డీలక్స్‌లో క్లౌడ్ స్ట్రీమింగ్ లేదు, కాబట్టి విజయవాడలోనో వరంగల్‌లోనో పీఎస్5 కొన్నవాళ్లకి ఈ ప్రశ్నే రాదు, డౌన్‌లోడ్ ఒక్కటే దారి. ఇందులో ఒక నష్టం ఉంది. పీఎస్3లో వాడిన సెల్ ప్రాసెసర్ మరీ విచిత్రమైనది. ఆ కాలం గేముల్ని ఇప్పటి కన్సోల్ మీద నడపలేక, సోనీ ఆ పాత మెషీన్లనే సర్వర్లుగా పెట్టి స్ట్రీమింగ్‌లోనే ఇస్తోంది. డల్లాస్‌లో ఉన్న మీ బావ అవి ఆడగలడు, మీరు ఆడలేరు. అంతే తేడా. ఇక్కడి నుంచి మాట్లాడేదంతా ఎక్స్‌బాక్స్ గురించే.

ముందు డేటా లెక్క చూద్దాం, అందరికీ భయం దాని మీదే కదా. స్ట్రీమింగ్‌కి ఫోన్లో అయితే కనీసం 10 ఎంబీపీఎస్, టీవీ ముందు కన్సోల్ మీద అయితే 20 ఉండాలని మైక్రోసాఫ్ట్ సలహా. 20 ఎంబీపీఎస్ అంటే గంటకి దాదాపు 9 జీబీ. ఇప్పుడు వంద జీబీ గేమ్ ఒకటి తీసుకోండి. పదకొండు గంటల లోపు ఆడి వదిలేస్తే స్ట్రీమింగ్‌కే తక్కువ డేటా అయినట్టు. ఆ పైన ప్రతి గంటా డౌన్‌లోడ్ వైపే లాభం. కానీ ఇంట్లో ఫైబర్ ఉన్నవాళ్లు నిజానికి ఈ లెక్క వేసుకోనక్కర్లేదు. జియోఫైబర్ లాంటి వాటిలో నెలకి 3,300 జీబీ దాకా ఇస్తున్నారు, రోజుకి పది గంటలు ఆడినా అది కరగదు. భయపడాల్సింది మొబైల్ డేటా వాళ్లు. రోజుకి 2 జీబీ ప్యాక్ మీద, తక్కువలో తక్కువ 10 ఎంబీపీఎస్ లెక్కన చూసినా, అరగంట నిండకుండానే ఆ రోజు కోటా అయిపోతుంది. అన్‌లిమిటెడ్ 5జీ సరిగ్గా అందే చోట ఉన్నవాళ్ల కథ వేరు.

ఇక అసలు విషయం. "యూట్యూబ్‌లో 4కె వీడియో ఆగకుండా వస్తోంది, గేమ్ ఎందుకు రాదు?" అంటారు. సినిమా చూస్తున్నప్పుడు మీ టీవీ రాబోయే దాన్ని ముందే కొంత తెచ్చి పెట్టుకుంటుంది. నెట్ రెండు సెకన్లు ఆగినా మీకు తెలీదు, దాచింది వాడేస్తుంది. గేమ్‌కి ఆ సౌకర్యం లేదు. మీరు ఎడమకి తిరుగుతారో కుడికి తిరుగుతారో మీరు బటన్ నొక్కేదాకా సర్వర్‌కి కూడా తెలీదు, ఇంక ముందే ఏం తెచ్చి పెడుతుంది? మీరు నొక్కిన బటన్ వైఫైలో రౌటర్‌కి, అక్కడి నుంచి సర్వర్‌కి వెళ్లాలి. అక్కడ గేమ్ దాన్ని లెక్కలోకి తీసుకుని బొమ్మ గీయాలి, దాన్ని వీడియోగా కుదించాలి, అది వచ్చిన దారినే తిరిగి మీ టీవీ మీద పడాలి. గేమ్ సెకనుకి 60 ఫ్రేముల్లో (అంటే 60 బొమ్మల్లో) నడుస్తుంటే ఒక్కో ఫ్రేమ్‌కి ఉండే టైము 16.7 మిల్లీసెకన్లు. పైన చెప్పిన ప్రయాణం ఇంకో 60, 70 మిల్లీసెకన్లు తీసుకుందంటే మీ చేతికీ బొమ్మకీ మధ్య నాలుగు ఫ్రేములు పోయినట్టే.

దూరం వల్ల జరిగే ఆలస్యం మనం అనుకున్నంత పెద్దది కాదు. సర్వర్ వెయ్యి కిలోమీటర్ల అవతల ఉన్నా ఫైబర్‌లో వెలుగు వెళ్లి రావడానికి 10 మిల్లీసెకన్లు చాలు. చెడగొట్టేది చాలాసార్లు మన ఇంట్లోనే ఉంటుంది. హాల్లో టీవీ, బెడ్‌రూమ్‌లో అల్మారా వెనక రౌటర్, మధ్యలో రెండు గోడలు. దానికి తోడు అపార్ట్‌మెంట్‌లో పై ఫ్లోర్, కింది ఫ్లోర్, పక్క ఫ్లాట్ అన్నీ అదే 2.4 గిగాహెర్ట్జ్ వైఫై మీద. స్పీడ్ టెస్ట్ పెడితే అప్పటికీ 100 చూపిస్తుంది, ఎందుకంటే అది సగటు. గేమ్‌కి సగటుతో పని లేదు. ఒక క్షణం 15 మిల్లీసెకన్లు, మరుక్షణం 140, మళ్లీ 20 ఇలా పింగ్ (సర్వర్‌కి వెళ్లి రావడానికి పట్టే టైము) ఎగిరిపడుతుంటే ఆ 100 ఎంబీపీఎస్ ఉండీ లేనట్టే. స్థిరంగా ఉండే 25 ఎంబీపీఎస్ లైను దానికంటే వెయ్యి రెట్లు నయం. అందుకే స్ట్రీమింగ్ బాగోలేదని తిట్టుకునే ముందు రౌటర్ నుంచి కన్సోల్‌కి ఒక ల్యాన్ వైరు లాగి చూడండి. వైరు కుదరకపోతే కనీసం 5 గిగాహెర్ట్జ్ వైఫైకి మారండి. ప్లాన్ అప్‌గ్రేడ్ చేయించుకోవడం ఆ తర్వాత సంగతి.

బొమ్మ నాణ్యతలో తేడా ఎక్కడ కొట్టొచ్చినట్టు కనబడుతుందో చూడాలంటే ఫోర్జా హొరైజన్ 5 పెట్టండి. మెక్సికోలో సాగే కార్ల గేమ్ అది. కారు ఆగి ఉన్నప్పుడు స్ట్రీమింగ్‌లో కూడా ముచ్చటగా ఉంటుంది, బానెట్ మీద ఆకాశం కనిపిస్తుంది. ఇప్పుడు రోడ్డు దిగి పొదల్లోంచి గంటకి రెండు వందల కిలోమీటర్ల వేగంతో పోనివ్వండి. గడ్డి, ఆకులు, దుమ్ము అన్నీ ఒకేసారి మారిపోతుంటే వీడియోని కుదించే సాఫ్ట్‌వేర్‌కి ఊపిరాడదు. పొదలు పచ్చటి ముద్దలైపోతాయి, దుమ్ము గళ్లు గళ్లుగా విడిపోతుంది. అదే డౌన్‌లోడ్ చేసి ఆడితే ఒక్కో ఆకూ విడిగా కనిపిస్తుంది. నిదానంగా సాగే గేముల్లో, కథ చెప్పే గేముల్లో, వంతులవారీగా ఆడే స్ట్రాటజీ గేముల్లో ఈ ఇబ్బంది దాదాపు తెలీదు. క్రికెట్ గేమ్‌లో మాత్రం వెంటనే తెలిసిపోతుంది. యార్కర్‌కి సరిగ్గా టైమ్‌కే బటన్ నొక్కామనుకుంటాం, వికెట్లు ఎగిరిపోయి ఉంటాయి. ఫైటింగ్ గేముల్లో అయితే అసలు స్ట్రీమింగ్ మాటే ఎత్తకండి, అక్కడ ఆట మొత్తం ఫ్రేముల మీదే నడుస్తుంది.

ఇంత విన్నాక డౌన్‌లోడే గొప్ప అనిపిస్తుంది కానీ దాని చిరాకులు దానికి ఉన్నాయి. ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎస్ కన్సోల్ పెట్టె మీద 512 జీబీ అని రాసి ఉంటుంది, మన చేతికొచ్చేది 364. వంద జీబీ గేములు మూడు పెడితే నాలుగోదానికి చోటు ఉండదు. అప్పుడు ఇంట్లో మొదలవుతుంది: "రేయ్, నా గేమ్ ఎవడ్రా డిలీట్ చేసింది?" "నువ్వు నెల నుంచి ఆడట్లేదు కదా అన్నయ్యా!" యూఎస్‌బీ హార్డ్ డిస్క్ పెడితే పోదా అంటే, సిరీస్ ఎస్, సిరీస్ ఎక్స్ కోసం చేసిన గేములు దాని మీద దాచుకోవడానికి తప్ప ఆడటానికి పనికిరావు. ఆడాలంటే మళ్లీ లోపలి ఎస్‌ఎస్‌డీకి మార్చాలి, లేదా ఖరీదైన ఎక్స్‌పాన్షన్ కార్డ్ కొనాలి. అయినా మళ్లీ వంద జీబీ దింపడం కంటే హార్డ్ డిస్క్ నుంచి మార్చుకోవడమే చాలా త్వరగా అవుతుంది కాబట్టి పాత హార్డ్ డిస్క్ ఇంట్లో ఉంటే పారేయకండి.

ఎదురుచూపు సంగతి కూడా చెప్పాలి. వంద జీబీ గేమ్ 100 ఎంబీపీఎస్ లైను మీద అంతా సవ్యంగా ఉంటే రెండుంపావు గంటలు. 30 ఎంబీపీఎస్ ప్లాన్ మీద ఏడున్నర గంటలు, అంటే రాత్రి పెట్టి పొద్దున చూసుకోవాల్సిందే. మధ్యలో కరెంటు పోతే భయం లేదు, ఆగిన చోటి నుంచే మళ్లీ మొదలవుతుంది. ఇవన్నీ ఓర్చుకోవచ్చు గానీ, వారం తర్వాత ఫ్రెండ్స్ వచ్చినప్పుడు గేమ్ తెరిస్తే "అప్‌డేట్ కావాలి, 20 జీబీ" అని వస్తుంది చూడండి, ఆ కోపానికి మందు లేదు. స్ట్రీమింగ్‌లో ఆ గొడవ లేదు, అప్‌డేట్లు వాళ్ల సర్వర్ల తలనొప్పి.

కొందరికి స్ట్రీమింగే నిజంగా వరం. 2020 నవంబర్‌లో వచ్చినప్పుడు సిరీస్ ఎస్ ధర ₹34,990, సిరీస్ ఎక్స్ ₹49,990. అంత పెట్టలేక పాత ఎక్స్‌బాక్స్ వన్‌తోనే నెట్టుకొస్తున్నవాళ్లు మైక్రోసాఫ్ట్ ఫ్లైట్ సిమ్యులేటర్, స్టార్‌ఫీల్డ్ లాంటి గేముల్ని డౌన్‌లోడ్ చేసుకోలేరు, ఆ మెషీన్ వాటిని మోయలేదు. స్ట్రీమింగ్‌లో మాత్రం అదే పాత పెట్టె మీద ఆడేయొచ్చు. హాస్టల్లో ఉండి ఫోనూ, ఒక కంట్రోలరూ తప్ప ఏమీ లేని కుర్రాడికైతే పోలికే అనవసరం. వేసవిలో ఇంకో చిన్న లాభం ఉంది. కరెంటు పోయినప్పుడు ఇన్వర్టర్ మీద టీవీ, కన్సోల్ రెండూ నడిపితే ఇంట్లో పెద్దవాళ్లు ఊరుకోరు. రౌటర్ ఒక్కటీ ఆన్‌లో ఉంటే ఫోన్లో ఆట సాగుతుంది.

సంక్రాంతికి ఊరెళ్లేటప్పుడు లెక్క తిరగబడుతుంది. కన్సోల్‌ని బ్యాగులో వేసుకెళ్లి తాతయ్య ఇంట్లో టీవీకి తగిలిస్తే, డౌన్‌లోడ్ చేసిన గేములు నెట్ లేకుండానే నడుస్తాయి. వెళ్లేముందే ఆ మెషీన్‌ని మీ అకౌంట్‌కి హోమ్ ఎక్స్‌బాక్స్‌గా పెట్టుకోవాలి, అది మరిచిపోతే అక్కడికెళ్లాక గేమ్ తెరుచుకోదు. సిగ్నల్ ఒకటి రెండు గీతలు ఉన్న ఊళ్లో స్ట్రీమింగ్ మీద ఆశ పెట్టుకోవద్దు.

"డౌన్‌లోడ్ చేస్తే గేమ్ మనదే కదా" అనే మాట తరచూ వింటుంటాను. కాదు. గేమ్ పాస్ ఆగిపోతే ఫైలు డిస్క్‌లో ఉంటుంది, తాళం పడిపోతుంది. లిస్టులోంచి గేమ్ తీసేసినా అంతే. జీటీఏ 5 అలాగే 2024 జనవరిలో వెళ్లిపోయి 2025 ఏప్రిల్‌లో మళ్లీ వచ్చింది. ఈ విషయంలో రెండు పద్ధతులూ సమానమే. ఒక్కటే తేడా, గేమ్ వెళ్లిపోయే ముందు మీరు దాన్ని కొనుక్కుంటే డిస్క్‌లో ఉన్న ఫైలే తెరుచుకుంటుంది, మళ్లీ దింపక్కర్లేదు.

నా పద్ధతి చెప్తాను. గేమ్ పాస్ లిస్టులో వందల గేములు ఉంటాయి, వాటిలో నాకు నచ్చేవి పదిలో ఒకటో రెండో. ఆ తీర్పు ఇవ్వడానికి వంద జీబీ దింపడం దండగ. స్వీటు షాపులో ముందు ముక్క చేతిలో పెట్టించుకుని, నచ్చాకే కిలో తూయించుకున్నట్టు, ముందు ఇరవై నిమిషాలు స్ట్రీమ్ చేస్తాను. బొమ్మ కాస్త మసకగా ఉన్నా, చేయి కాస్త ఆలస్యమైనా ఆ గేమ్ నాకు పడుతుందో లేదో తెలిసిపోతుంది. నచ్చకపోతే అక్కడితో సరి. నచ్చిందంటే డౌన్‌లోడ్ పెట్టి పడుకుంటాను. సేవ్ ఫైళ్లు క్లౌడ్‌లో ఉంటాయి కాబట్టి స్ట్రీమింగ్‌లో ఎక్కడ ఆపానో మర్నాడు డౌన్‌లోడ్ చేసిన గేమ్ అక్కడి నుంచే మొదలవుతుంది. దీన్ని మించిన సుఖం ఈ సర్వీసులో నాకు ఇంకోటి కనబడలేదు. కొన్ని గేములకి స్ట్రీమ్ చేయొచ్చని చెప్పే క్లౌడ్ గుర్తు ఉండదు, వాటికి మాత్రం ధైర్యం చేసి దింపాల్సిందే.

ఇక డబ్బులు. 2025 అక్టోబర్‌లో ప్లాన్లు మార్చినప్పుడు ఇక్కడ ఎసెన్షియల్ నెలకి ₹499, ప్రీమియం ₹699, అల్టిమేట్ ₹1,389 చేశారు. స్ట్రీమింగ్ ఇప్పుడు మూడింట్లోనూ ఉంది. అల్టిమేట్ వాళ్లకి బొమ్మ ఇంకాస్త మెరుగు, క్యూలో ఎదురుచూపు తక్కువ, చాలా కొత్త గేములు విడుదలైన రోజే వస్తాయి. స్ట్రీమింగ్ కోసమే అయితే ఎగబడి అల్టిమేట్ కట్టకండి. ఒక నెల ఎసెన్షియల్ తీసుకుని, మీ ఇంట్లో రాత్రి ఎనిమిదిన్నర, తొమ్మిది మధ్య, అపార్ట్‌మెంట్ అంతా నెట్ మీద పడే టైములో ఆడి చూడండి. మధ్యాహ్నం బాగా వచ్చిందని మురిసిపోయి ఏడాదికి సరిపడా కట్టేయొద్దు.