డెడ్ రింగర్స్: టీవీలో విగ్గులే అడ్డం

డెడ్ రింగర్స్ అనే బ్రిటన్ మిమిక్రీ కామెడీ షోని చాలా ఏళ్లుగా వింటున్నా, టీవీ సీజన్లూ చూశా, నా గొడవంతా ఒక్కదాని మీదే, విగ్గులు. 2000లో బీబీసీ రేడియో 4లో మొదలైన షోని 2002లో బీబీసీ టూకి ఎక్కించేశారు. గొంతులు అవే, మిమిక్రీ ఆర్టిస్ట్ జాన్ కల్షా చేసే అప్పటి బ్రిటన్ ప్రధాని టోనీ బ్లెయిర్ కూడా అదే, కానీ నోరు తెరవకముందే మేకప్ చూసి ఎవరో తెలిసిపోతే ఇక గొంతు పోల్చుకోవడంలో మజా ఏముంటుంది చెప్పండి. మొహం సరిగ్గా కుదరకపోతే ఇంకా కష్టం, చూపంతా ఆ విగ్గు మీదే ఉండి డైలాగ్ కాస్తా చెవినపడకుండా పోతుంది. మన నేరెళ్ల వేణుమాధవ్ గారికి మైకు ఒక్కటి చాల్లేదూ!

రేడియోలో నాకు పిచ్చిపట్టించింది ఫోన్ కాల్స్. డాక్టర్ హూ అనే బ్రిటన్ సైన్స్ ఫిక్షన్ సీరియల్‌లో నాలుగో డాక్టర్‌గా చేసిన టామ్ బేకర్ ఉన్నాడు కదా, కల్షా ఆ గొంతు పెట్టి బయటి మనుషులకి ఫోన్లు కొట్టేవాడు, ఒకసారైతే ఏకంగా టామ్ బేకర్‌కే కొట్టాడు. ఇటూ అటూ ఒకటే గొంతు, అసలెవరో నకిలీ ఎవరో నాకు కాసేపు అర్థం కాలా, మళ్లీ వెనక్కి తిప్పి విన్నా. ఫోనెత్తినవాడికీ వింటున్న మనకీ దొరికేది గొంతొక్కటే కాబట్టే అది అంత పేలింది. టీవీలో అదే డాక్టర్ పొడుగాటి మఫ్లర్ వేసుకుని వస్తే నవ్వొచ్చింది గానీ, అది వేషం చూసి వచ్చిన నవ్వు.

బ్రయాన్ పెర్కిన్స్ అని రేడియో 4లో నిజంగానే వార్తలు చదివిన పెద్దాయన, ఆయన్ని పట్టుకుని నెమ్మదిగా బెదిరించే డాన్‌ని చేశారు. ఆయనెవరో తెలియకముందే పడీపడీ నవ్వా.

అలాగని రేడియోలో అన్నీ ఎక్కాయని కాదు. మంత్రుల గొంతులు సగం పోల్చుకోలేకపోయేదాన్ని, అక్కడ మాత్రం టీవీ విగ్గులే ఆదుకున్నాయి, ఒప్పుకోవాలి. టీవీ షో 2007లో ఆగిపోయింది, 2014లో మళ్లీ రేడియోకే వచ్చారు, జాన్ రేవెన్స్ అనే నటి బ్రిటన్ మాజీ ప్రధాని థెరిసా మే గొంతు చేస్తుంటే ప్రాణం లేచొచ్చింది. కాకపోతే ఏ వారం జోకులు ఆ వారానికే, ఆలస్యంగా వింటే చప్పగా ఉంటాయి.

నేను వంట చేసుకుంటూ ఇయర్‌ఫోన్స్‌లో వినే రకం, కాబట్టి నా ఓటు రేడియోకే. బ్రిటన్ వార్తలు పెద్దగా పట్టించుకోనివాళ్లయితే ముందు టీవీవే చూడండేమో, కనీసం ఎవరిని ఏడిపిస్తున్నారో తెలుస్తుంది.